ఎర్ర కాగితం కట్టిన పెట్టె

ఉప్పునుంతల దాటిన మలుపులో కృష్ణయ్యను లారీ గుద్దింది. గుద్ది వెళ్లిపోలేదు. వెనక్కి వచ్చి మళ్లీ గుద్దింది. పోలీసులు యాక్సిడెంట్ అని రాసుకున్నారు. రెండుసార్లు గుద్దితే అది యాక్సిడెంట్ ఎట్లా అవుతుందని అక్కడ గుమిగూడిన వాళ్లలో ఒక్కరూ అడగలేదు. అడిగితే సాక్ష్యం చెప్పమంటారని భయం.

కృష్ణయ్య సైరన్ నెట్‌వర్క్ ఇంజనీర్. గద్వాల ఎగువన ఉన్న బ్యారేజీ గేట్లు ఎత్తే ముందు కృష్ణా నది పొడుగునా సైరన్లు మోగించే ఫైబర్ లైను అతని చేతుల మీదుగానే పడింది. బండి ఎక్కే ముందు అతను ఒక రహస్య నంబర్‌కు ఫోన్ చేశాడు. బండి నడుపుతూ చెవి దగ్గర పెట్టుకునే మాట్లాడాడు.

"గేటు దానంతట అదే మాట్లాడుకుంటుంది సార్. సైరన్‌కు ఏం వినవడ్తలేదు."

ఆ తర్వాత లారీ హారన్. ఆ తర్వాత ఏమీ లేదు.

అదే పొద్దున గద్వాలలో రేణుక తన కూతురి మీద మండిపడుతోంది.

వర్షకు టీచర్ ఉద్యోగం వచ్చి ఎన్నో నెలలు కాలేదు. పోస్టింగ్ ఎక్కడంటే చిలుకగడ్డలో. కృష్ణ నడుమ ఉన్న చిన్న లంక అది. కొన్ని ఇళ్లు, ఒక బడి, పత్తి చేన్లు. పోవాలంటే పుట్టి ఎక్కాలి. వెదురుతో అల్లి, తారు పూసిన ఆ గుండ్రని బుట్టలో రోజూ కూతురు నది దాటుతుందంటే రేణుకకు అన్నం సయించేది కాదు. లైఫ్ జాకెట్ కొనిచ్చింది. అందరూ నవ్వుతారని వర్ష దాన్ని మేకుకు తగిలించి పోయేది. మెడలో వేసుకోమని విజిల్ ఇచ్చింది. దాన్ని బడిలో ఆటల పీరియడ్‌కు వాడుకుంటోంది. తలకు నూనె లేక జుట్టు గడ్డిలా అయిందని కొబ్బరి నూనె సీసా బ్యాగులో పెట్టింది. ఆ పొద్దున అది కూడా బల్ల మీదే ఉంది. వర్ష లేదు.

రేణుక సీసాను తన సంచిలో పడేసుకుంది. సాయంత్రం కుర్చీకి కట్టేసైనా తల అంటాలని పళ్లు కొరికింది. అప్పుడే ఫోన్ మోగింది.

"బాబిన్ తెగిందక్కా. పాత దారం ఇగ దొరకదు."

బాబిన్ అంటే మన మనిషి. తెగిందంటే చంపారు. దారం దొరకదంటే అతనికి తెలిసింది అతనితోనే పోయింది. రేణుక తాళం చెవి తీసుకుంది.

లోకానికి ఆమె కుట్టు మిషన్ల కంపెనీ సర్వీస్ మేడమ్. తెల్ల వ్యాన్ మీద ఊరూరా తిరుగుతుంది. కూతురికి కూడా తెలిసింది అంతే. ప్రభుత్వ గూఢచారి విభాగంలో ఆమె పేరు సూది. సరిహద్దుల్లో దొంగ రేడియోలు పట్టుకుంది, రెండు రాయబార కార్యాలయాల్లో వంటమనిషిగా పనిచేసింది. ఆమెను మించి గురి ఉన్నవాళ్లు విభాగంలో ఉన్నారు. కానీ ఏ తలుపు చూసినా దాని వెనక ఎవరో కత్తితో నిలబడి ఉంటారని అనుకునే మనిషి ఆమె ఒక్కతే. అందుకే ఇన్నేళ్లు బతికింది.

*

వనపర్తి గాంధీ చౌక్ వెనక సందులో కుట్టు మిషన్ రిపేర్ షాపు. గల్లా దగ్గర కూర్చున్న జితేందర్ వయసులో రేణుక కంటే చిన్నవాడు, హోదాలో పైవాడు. ఆమెను అక్కా అంటాడు. ఆమె సార్ అంటుంది. అతను షట్టర్ సగం దించి, మిషన్ బల్ల మీద రెండు ప్లాస్టిక్ ముక్కలు పెట్టాడు. వేలి కొస అంత ఉంటాయి. ఒకటి నీలం, ఒకటి పచ్చ. ఫైబర్ కేబుల్ చివర పెట్టే కనెక్టర్లు.

బ్రీఫింగ్ మొదలైంది. నీలం దాని ముక్కు లోపల గాజు చదునుగా అరగదీసి ఉంటుంది. పచ్చ దాని ముక్కు కాస్త ఏటవాలుగా కోసి ఉంటుంది. పచ్చకు పచ్చ ఎదురు పెడితే గాజుకు గాజు అతుక్కుంటుంది, వెలుతురు అటు దాటిపోతుంది. నీలానికి నీలం పెట్టినా అంతే. రెండింటి సైజు ఒకటే కాబట్టి నీలాన్ని పచ్చకు ఎదురు పెట్టినా టక్కుమని కూర్చుంటుంది. చూసేవాడికి తేడా తెలియదు. లోపల మాత్రం రెండు గాజుల నడుమ వెంట్రుకంత గాలి మిగులుతుంది. వెలుతురు దాటదు. కొంత చదును గాజుకు కొట్టుకుని వెనక్కి తిరిగి వస్తుంది.

"వస్తే ఏమైతది సార్?"

"బ్యారేజీ మిషన్ సైరన్‌ను అడుగుతది, మోగినవా అని. సైరన్ మోగిన అని జవాబిస్తేనే గేటు లేవాలె. అది రూల్. ఇప్పుడు అడిగిన మాటే తిరిగొస్తది. మిషన్ దాన్నే జవాబు అనుకుంటది."

రేణుక రెండు ముక్కలనూ చూసింది. కృష్ణయ్య చివరి మాట అప్పుడు అర్థమైంది. సైరన్ మోగదు. గేటు మాత్రం లేస్తుంది. నదిలో ఉన్నవాళ్లకు నీళ్లు మీదికి వచ్చాకే తెలుస్తుంది.

మిగతాది వింటుంటే ఆమె చెవులు వేడెక్కాయి. నాగర్‌కర్నూల్‌లో కమిటీ కూర్చుంది. ఏ కనెక్టర్ కొనాలని చర్చ. కృష్ణయ్య ఒక్కడే లేచి, లైను మొత్తం పచ్చవే పడ్డాయి కాబట్టి ఇకముందూ పచ్చవే కొనండి, రెండు రంగులూ కలపొద్దని మొత్తుకున్నాడు. విదేశీ కంపెనీ వాళ్లు నీలం చవక అన్నారు, గేటు మిషన్ కూడా తామే ఇస్తామన్నారు. ఒక పెద్దాయన మిర్చి బజ్జీ నములుతూ, రెండూ పడుతున్నయి గదా ఇంకేంది లొల్లి అన్నాడట. చాయ్ గ్లాసులు ఖాళీ అయ్యేలోగా నిర్ణయం అయిపోయింది. ఇప్పుడు స్టోరులో వెతికినా ఒక్క పచ్చ కనెక్టర్ లేదు.

ఆ కంపెనీ వెనక ఉన్నది ఒక విదేశీ ముఠా. రేపు పొద్దున గేట్ల ట్రయల్ రన్. ఒక్క ఊరు కొట్టుకుపోతే చాలు, దేశీ లైన్లు పనికిరావని టీవీలు అరుస్తాయి. ఆ భయంలో దేశంలోని నదులన్నింటికీ వాళ్ల మిషన్లే కొంటారు. అప్పుడు ప్రతి గేటు తాళం వాళ్ల చేతిలో ఉంటుంది.

వాళ్లు ఎంచుకున్న ఊరు చిలుకగడ్డ.

రేణుక లేచి నిలబడింది. ట్రయల్ ఆపేయమంది. జితేందర్ తల అడ్డంగా ఊపాడు. ఆపితే ముఠా జాగ్రత్త పడుతుంది, ఇంకో నది చూసుకుంటుంది, రెడ్‌హ్యాండెడ్‌గా పట్టుకోవాలని పై నుంచి ఆర్డర్ అన్నాడు.

"గడ్డ మీద నా బిడ్డ ఉంటది సార్."

"ఒక్కరోజు బడికి పంపకక్కా. ఎందుకని మాత్రం చెప్పకు."

"మిగిలిన బిడ్డలను ఎవరు ఆపుతరు?"

జితేందర్ చూపు నీలం ముక్క మీదికి తిప్పాడు. దానికి రేణుక చెయ్యి లేచేదే. కానీ వెనక గది తెర కదిలింది.

లోపలి నుంచి సౌందర్య వచ్చింది. గద్వాల పట్టు చీర, నల్ల కళ్లద్దాలు, గదంతా నిండిన సెంటు వాసన. విదేశీ కంపెనీకి టెక్నికల్ అడ్వైజర్. నిజానికి ఆమె మన మనిషేనని, ముఠాలోకి తామే పంపామని జితేందర్ గర్వంగా పరిచయం చేశాడు. నీలం కనెక్టర్ ఏ పెట్టెలో దూర్చారో ఆమెకు తెలుసట. చిలుకగడ్డ సైరన్‌కు వెలుతురు వనపర్తి గట్టు నుంచే పోతుందని, శ్రీరంగాపూర్ ఊరి బయట రోడ్డు పక్క పెట్టె చూడాలని సౌందర్య చెప్పింది. ఏ లైను ఏ గట్టున పోతుందో పూర్తిగా తెలిసినవాడు కృష్ణయ్య ఒక్కడే. అతను మార్చురీలో ఉన్నాడు.

జితేందర్ డ్రాయర్ తీసి రేణుకకు సామాను ఇచ్చాడు. పౌడర్ డబ్బాలో దాచిన మీటర్. వెలుతురు వెనక్కి తిరుగుతుంటే అందులో ఎర్ర దీపం వెలుగుతుంది, సరిగ్గా పోతే ఆకుపచ్చది. పెట్టెలన్నింటికీ పనిచేసే తాళం చెవి. ఇంకా ఒక లిప్‌స్టిక్. దాని లోపల రంగు లేదు. గాజులాంటి జిగురు ఉంది. పచ్చ కనెక్టర్లు లేవు కాబట్టి ఆ జిగురు ఒక్క చుక్క ముక్కుకు రాసి దూరిస్తే గాలి సందు నిండిపోతుంది. వెలుతురు దాన్నీ గాజే అనుకుని దాటిపోతుంది.

"ఎంత ముద్దుగుంది," అంటూ సౌందర్య దాన్ని అందుకుంది. మూత తీసి, అద్దంలో చూసుకుని, మూత పెట్టి రేణుక చేతిలో పెట్టింది. "నువ్వు కూడా అప్పుడప్పుడు పూసుకోవాలి అక్కా. మొహంలో కళ వస్తుంది."

రేణుక అన్నీ సంచిలో వేసుకుంది.

*

ఆ సాయంత్రం వర్షను రేపు పోవద్దంది. వర్ష నవ్వింది.

"పోయినవారం పుట్టికి చిల్లు ఉందన్నవ్. చూస్తే లేదు. అంతకుముందు గడ్డ మీద పాములన్నవ్. కరెంటు తీగ తెగిపడుతదన్నవ్. పిల్లలు తెచ్చే జామపండ్లు కూడా తినొద్దన్నవ్. రేపేంది మళ్ల?"

"రేపు వద్దు బిడ్డా. ఈ ఒక్కసారి నా మాట విను."

"నువ్వు చెప్పేది ఎప్పుడూ ఈ ఒక్కసారేనమ్మా."

రేపు గేట్లు ఎత్తుతారని, సైరన్ మోగుతుందని వర్ష పిల్లలకు ముందే చెప్పి ఉంచింది. మోగగానే మెరక మీది బడికి ఎట్లా పరుగెత్తాలో ఆట లాగా నేర్పింది. టీచరే రాకపోతే ఎట్లా అంది. రేణుకకు గొంతు దాకా వచ్చింది, సైరన్ మోగదే పిచ్చిదానా అని. నోరు మూసుకోవలసి వచ్చింది. ఇన్నేళ్లు లేని ప్రమాదాల గురించి అరిచి, ఉన్న ప్రమాదం ఎదురైనప్పుడు చెప్పే వీలు లేకుండా పోయింది. కూతురి స్కూటీ తాళం బియ్యం డబ్బాలో దాచింది. అంతకు మించి చేతకాలేదు.

పొద్దున రేణుక వ్యాన్ తీసేటప్పటికి వర్ష ఇంకా నిద్రలోనే ఉంది. శ్రీరంగాపూర్ చేరేసరికి ఫోన్‌లో మెసేజ్ ఉంది. షేర్ ఆటోలో పోతున్నానని, తాళం బియ్యంలో పెడితే పురుగు పడుతుందని.

రేణుక రోడ్డు పక్క పెట్టె తెరిచింది. కళ్లజోడు సవరించుకుని చూసింది. పచ్చకు పచ్చ. మీటర్ పెట్టింది. ఆకుపచ్చ దీపం. దుమ్ము కూడా లేదు. ఆ పెట్టెను నెలల నుంచి ఎవరూ ముట్టుకోలేదు. తాళం పట్టిన తుప్పే చెబుతోంది.

ఆమె పెట్టె మూత దబ్బున వేసింది. కావాలనే దూరం పంపారు. సౌందర్యకు ఫోన్ చేస్తే స్విచ్ ఆఫ్. జితేందర్‌కు చేసి, నీ మనిషి అమ్ముడుపోయింది సార్, పెట్టె ఇక్కడ కాదు, గద్వాల గట్టున ఉంది, ట్రయల్ ఆపుతవా లేదా అని అడిగింది. అతను ఆపిస్తా అన్నాడు.

ఆగలేదు. బ్యారేజీ కంట్రోల్ రూమ్‌లో బాలకృష్ణ అనే ఆఫీసరు కూర్చుని ఉన్నాడు. బయట షామియానా, పూలదండలు, పెద్ద మనుషులు. ఏదో విభాగం అంటే ఆయన నమ్మలేదు. ఆపాలంటే రాసి పంపమన్నాడు. రేణుక కూడా ఫోన్ చేసింది.

"స్క్రీన్ మీద అన్ని సైరన్లు ఓకే అని చూపిస్తుందమ్మా. మీరు పరేషాన్ గాకుండ్రి."

"ఆ స్క్రీన్ అబద్ధం చెప్తుంది సార్."

"స్క్రీన్ ఎట్ల చెప్తది అబద్ధం?" అని నవ్వి పెట్టేశాడు.

వర్ష ఫోన్ ఒక్కసారి ఎత్తింది. పుట్టి ఇంకా అవతలి గట్టునే ఉంది, ఎక్కినంక మాట్లాడతా అంది. ఆ తర్వాత కట్ చేయడమే. రోజుకు ఇన్నిసార్లు చేసే తల్లి ఫోన్ ఎవరు ఎత్తుతారు.

రేణుక వ్యాన్‌ను తరిమింది. పెబ్బేరు దాటింది. బీచుపల్లి వంతెన మీద కిందికి చూడకూడదనుకుంది, చూసింది. గేట్లు మూసి ఉండడంతో నది సన్నగా, బండల నడుమ ఏమీ తెలియనట్టు పారుతోంది. ఆమె కళ్లకు మాత్రం అక్కడ ఎర్రనీళ్లు కనిపించాయి. తలకిందులైన పుట్టి కనిపించింది. నీళ్ల మీద తేలే విజిల్ తాడు కనిపించింది. బూతు మాట ఒకటి గట్టిగా తిట్టుకుని ఎర్రవల్లి చౌరస్తా వైపు యాక్సిలేటర్ తొక్కింది. బజ్జీ తిన్నవాడిని, నవ్వి ఫోన్ పెట్టేసినవాడిని, పూలదండలు తెచ్చినవాళ్లను, అందరినీ ఆ పుట్టిలో కూర్చోబెట్టాలనిపించింది.

గద్వాల దాటాక కాలువ రోడ్డు. రెండు పక్కలా విత్తన పత్తి చేన్లు. గట్టు పొడుగునా ఆకుపచ్చ రంగు పెట్టెలు, ఒకదానికొకటి అచ్చు పోసినట్టు. అన్నీ తెరిచి చూడాలంటే పొద్దు గూకుతుంది. రేణుక ఒక్కో పెట్టెనూ చూస్తూ పోయింది. తుప్పు తాళం. తుప్పు తాళం. మళ్లీ తుప్పు తాళం.

ఆ తర్వాతి పెట్టె పిడికి చిన్న ఎర్ర కాగితం కట్టి ఉంది.

బ్రేక్ వేసిన చప్పుడుకు చేనులోని ఆడవాళ్లు తలలెత్తారు.

రేణుకకు ఆ కాగితం తెలుసు. చిన్నతనంలో వీపనగండ్ల నుంచి తల్లి వెంట గుంపుగా వచ్చి, కృష్ణా తుంగభద్రల నడుమ ఉన్న ఈ నడిగడ్డ చేన్లలోనే పనిచేసింది. విత్తన పత్తిలో మధ్యాహ్నం ఆడ మొగ్గను గిల్లి, లోపలి పుప్పొడి తీసేసి ఎర్ర కాగితం పెడతారు. గిల్లింది, ఇంకా కలపలేదు అని దానికి అర్థం. తెల్లారి వచ్చి, ఎర్ర కాగితం ఉన్న చోటల్లా మగ పువ్వు రుద్దుతారు. చేను నిండా పచ్చని ఆకుల్లో ఎర్రని గుర్తులు. ఒక్కటి మర్చిపోతే ఆ కాయ పోయినట్టే.

గట్టు మీదికి ఒక పెద్దామె వచ్చింది. లలితమ్మ, గుంపు మేస్త్రీ. నడుముకు కట్టిన గుడ్డ ఒడిలో మగ పువ్వులు నిండి ఉన్నాయి.

"ఈ కాగితం ఎవరు కట్టిన్రక్కా?"

"నేనే కట్టిన. మొన్న మధ్యాహ్నం పట్టుచీర మేడమొకామె వచ్చి, మీ వేళ్లు సన్నగ మెత్తగ పనిజేస్తయి, జర ఈ పెట్టెల పచ్చది పీకి నీలంది పెట్టుండ్రి అన్నది. పెట్టినం. పీకిన పచ్చది ఆమెనే పట్టుకపోయింది. ఎల్లుండి నీళ్లు పోయినంక తెచ్చిస్త, మళ్ల పచ్చది పెట్టాలె, యాది మరువకుండ్రి అన్నది. ఇన్ని పెట్టెలల్ల యాది ఎట్లుంటది? గిల్లినంక గుర్తు పెట్టకుంటె నాకు నిద్రవట్టదు."

ముఠా అంతా ఆలోచించింది. తమ వేలిముద్రలు పడకూడదని కూలివాళ్లతో చేయించింది. పని అయ్యాక ఆనవాలు లేకుండా మళ్లీ పచ్చది పెట్టించాలనుకుంది. గిల్లిన దాన్ని తర్వాత కలపాలని చెబితే ఈ ఆడవాళ్లు ఎర్ర కాగితం కట్టకుండా ఉండలేరని మాత్రం వాళ్లకు తెలియదు.

నీళ్లు వదిలితే చిలుకగడ్డ కొట్టుకుపోతుంది, సైరన్ మోగకుండా చేసిన పెట్టె ఇదేనని రేణుక చెప్పింది. లలితమ్మ మొహం మాడిపోయింది. ఆమె మరదలు గడ్డ మీది చేనుకే పోయింది ఆ పొద్దున.

పెట్టె తెరిచారు. గేటు వైపు నుంచి వచ్చిన తీగకు నీలం ముక్కు. ఎదురుగా సైరన్ వైపు పచ్చ ముక్కు. రెండూ బుద్ధిమంతుల్లా కూర్చున్నాయి. మీటర్ పెట్టగానే ఎర్ర దీపం వెలిగింది. రేణుక నీలాన్ని పీకింది. అయినా ఎర్ర దీపం ఆరలేదు. చదును గాజు గాలిలో ఉన్నంతసేపు వెలుతురు తిరిగి వస్తూనే ఉంటుంది. పీకేస్తే సరిపోదు. సందు నింపాలి. సంచిలోంచి లిప్‌స్టిక్ తీసి మూత తిప్పింది.

నిజమైన లిప్‌స్టిక్. ముదురు ఎరుపు.

"ఆ రంగు నీకు బాగుంటుందనుకున్నా అక్కా," అంది వెనక నుంచి గొంతు.

సౌందర్య. నెత్తిన టోపీ, విత్తన కంపెనీ ఆఫీసరు వేషం, చేతిలో చిన్న పిస్తోలు. కారు మలుపులో ఆపి నడిచి వచ్చింది. ఆమె ముఖంలో కంగారు లేదు. పెట్టె మూసేసి పక్కకు జరగమంది. ఎట్లాగూ నీళ్లు వచ్చాక అందరూ ఏడుస్తారు, వాళ్లలో నువ్వూ ఒకదానివి అంది.

"కృష్ణయ్య మీద లారీ ఎక్కించింది నువ్వేనా?"

"పచ్చ, పచ్చ అని ఊరికే అరుస్తుంటే ఏం చేయాలి. ఒక్క ఊరు పోతే ఏమైంది? ఎంతమంది ఉంటారు అక్కడ? లేబర్."

ఆ మాట అంటున్నప్పుడు ఆమె ఒక్కసారి కూడా లలితమ్మ వైపు చూడలేదు. గట్టు మీద రాయి ఉన్నట్టు, చెట్టు ఉన్నట్టు లలితమ్మ ఉంది. మొన్న తన చేత పని చేయించుకున్న మనిషే అని గుర్తు పట్టిందో లేదో.

లలితమ్మ ఒడి ముడి విప్పింది. పువ్వులతో సహా గుడ్డ ఎగిరి సౌందర్య మొహానికి చుట్టుకుంది. పిస్తోలు పేలింది, గుండు కాలువలో పడింది. చేనులోంచి ఆడవాళ్లు ఒకరి వెనక ఒకరు గట్టెక్కారు. వాళ్లు అరవలేదు, తిట్టలేదు. కలుపు మొక్కను పట్టినట్టు పట్టి, పత్తి బస్తాల తాడుతో కట్టి నేల మీద కూర్చోబెట్టారు.

రేణుక అటు చూడలేదు. స్పీకర్‌లో పెట్టిన ఫోన్‌లో జితేందర్ గొంతు వినిపిస్తోంది. కంట్రోల్ రూమ్ గుమ్మం దగ్గర ఉన్నాడు, లోపలికి రానిస్తలేరక్కా, రిబ్బన్ కత్తిరిస్తున్రు అంటున్నాడు. దూరంగా నదిలో నల్లటి చుక్కలా పుట్టి. దాని నడుమ పసుపు రంగు చున్నీ. పొద్దున ఇస్త్రీ చేసి మంచం మీద పెట్టింది రేణుకే.

ఆమె సంచి కింద బోర్లించింది. స్క్రూడ్రైవర్, దారపు కండెలు, మాత్రలు, బ్యాండేజీ, ఇంకో బ్యాండేజీ. ఆ కుప్పలోంచి కొబ్బరి నూనె సీసా దొర్లింది.

గాజులాంటి జిగురు అన్నాడు జితేందర్. వెలుతురు దాన్నీ గాజే అనుకోవాలి. రేణుక సీసాను ఎండకు ఎత్తి పట్టింది. నూనె తేటగా ఉంది. లోపల తన వేలి గీతలు కూడా కనిపిస్తున్నాయి.

"ఈ మోటు మొద్దులను నమ్ముకున్నందుకు..." అని సగంలో ఆపి, నీలం ముక్కును శుభ్రమైన కొంగుతో తుడిచింది. ఒక్క చుక్క నూనె పెట్టింది. టక్కుమని దూర్చింది.

మీటర్‌లో ఎర్ర దీపం మిణుకుమిణుకుమంది. ఆరిపోయింది. ఆకుపచ్చది వెలగలేదు.

"గేటు బటన్ నొక్కుతున్నరక్కా," అన్నాడు జితేందర్.

రేణుక కనెక్టర్‌ను బొటనవేలితో ఇంకొంచెం నొక్కిపట్టి, మొత్తం బరువు దాని మీద వేసింది.

ఆకుపచ్చ దీపం.

నది మీద సైరన్ లేచింది. మొదట సన్నగా, తర్వాత గుండెలు అదిరేలా. అవతలి గట్టు దాన్ని అందుకుంది. చేన్లలోంచి కొంగలు లేచాయి. పుట్టి గిరుక్కున తిరిగింది. తెడ్డు వేగంగా పడుతోంది. పసుపు చున్నీ వంగి చేత్తో కూడా నీళ్లు తోస్తోంది. గడ్డ మీద పిల్లలు వరసగా మెరక వైపు పరుగెడుతున్నారు, నేర్పిన ఆట ప్రకారం. చివరగా చేరింది పుట్టి. బండను తాకింది. మనుషులు దిగారు. గట్టెక్కారు.

అప్పుడు లేచింది గేటు. నీళ్లు వచ్చాయి. ఖాళీ పుట్టిని ఆకులా తీసుకుపోయాయి.

లలితమ్మ పెట్టె దగ్గరికి వచ్చి, పిడికి కట్టిన ఎర్ర కాగితం విప్పి నడుములో దోపుకుంది. కలిసింది కదా, ఇక గుర్తు ఎందుకని.

కట్టేసి ఉన్న సౌందర్య సీసా వైపే చూస్తోంది. కొబ్బరి నూనెతోనా అని అడిగింది, తనను పట్టుకున్నందుకు కంటే దానికే ఎక్కువ నొచ్చుకున్నట్టు. రేణుక ఆమె ఒళ్లో లిప్‌స్టిక్ పడేసింది.

"ఇది నువ్వే ఉంచుకో. జైల్ల మొహంల కళ ఉండాలె గదా."

జితేందర్ దుమ్ము రేపుకుంటూ వచ్చాడు. మిషన్ సక్సెస్ అన్నాడు. ముఠాలో మిగిలినవాళ్లను నాగర్‌కర్నూల్ గెస్ట్‌హౌస్‌లో పట్టుకున్నారట. లైను మొత్తానికి ఏ కనెక్టర్ పెట్టాలో తేల్చడానికి కొత్త కమిటీ వేస్తున్నారని కూడా చెప్పాడు. రేణుక అతన్ని పై నుంచి కింది దాకా చూసింది.

"ఒకటే రంగు పెట్టమను. కృష్ణయ్య చెప్పిన రంగు. ఈసారి కమిటీని పుట్టిలో కూర్చోవెట్టు సార్, చాయ్ నేను పోస్త."

*

సాయంత్రం వర్ష ఇంటికి వచ్చేసరికి రేణుక స్టూలు వేసి, దువ్వెన పట్టుకుని సిద్ధంగా ఉంది. కూతురిని లాగి ముందు కూర్చోబెట్టుకుంది. చేతులు, మెడ, మోచేతులు తడిమి చూసింది. ఎక్కడా గీత కూడా లేదు. అప్పుడు తల మీద నూనె పోసింది.

"సీస ఇంత తగ్గిందేందమ్మా?"

"మిషన్‌కు పోసిన."

"మిషన్‌కు కొబ్బరి నూనె పోస్తరా ఎవరన్న?" అని వర్ష నవ్వింది. తర్వాత రోజంతా ఏం జరిగిందో చెప్పుకొచ్చింది. సైరన్ బ్రహ్మాండంగా మోగిందని, పిల్లలు చెప్పినట్టే పరుగెత్తారని, అందరూ గట్టెక్కాకే గేట్లు లేచాయని, పుట్టి పోతే పోయింది, ప్రభుత్వం మోటారు పడవ ఇస్తానందని. ఆఫీసర్లు ఎంత పక్కాగా చేశారో చూడు అంది.

"నువ్వేమో తాళం బియ్యంల దాచినవ్. చూసినవా, ఏమన్న అయిందా? ఊకెనే బుగులు పడ్తవ్."

"అవు బిడ్డా," అంది రేణుక, జడ రోజుటికంటే బాగా బిగించి లాగుతూ. "ఏం గాలే."